రాయి మనది, పేరు వాళ్లది

మంగళగిరి నరసింహస్వామి దిగువ సన్నిధికి వెళ్లినవాళ్లు అక్కడి దక్షిణావర్త శంఖం గురించి వినే ఉంటారు. సాక్షాత్తు కృష్ణుడు ఊదిన శంఖమని భక్తుల నమ్మకం. దాన్ని 1820లో తంజావూరు మహారాజు శరభోజి స్వామికి సమర్పించాడని ఆలయ చరిత్ర చెబుతుంది. ఆ శరభోజిని చిన్నప్పుడు చేరదీసి చదువు చెప్పించింది ఎవరో తెలుసా? క్రిస్టియన్ ఫ్రెడరిక్ ష్వార్ట్జ్ అనే జర్మన్ లూథరన్ పాదిరీ. శిష్యుడికి ఇంగ్లీషు వచ్చింది, వైద్యశాస్త్రం మీద మోజు పుట్టింది, సొంతంగా అచ్చు యంత్రం పెట్టించాడు. మతం మాత్రం మారలేదు. గురువు పోయాక లండన్ శిల్పి ఫ్లాక్స్‌మన్ చేత పాలరాతి స్మారకం చెక్కించి తంజావూరు చర్చిలో పెట్టించాడు, మన నరసింహస్వామికి శంఖం పంపాడు. రెండూ ఒకే మనిషి చేసిన పనులే.

గోపురం కట్టిన చెయ్యే...

మంగళగిరి గాలిగోపురం 11 అంతస్తులు, 153 అడుగులు. 1807-09 ప్రాంతంలో దాన్ని కట్టించింది రాజా వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు. చింతపల్లి వదిలి అమరావతిలో కొత్త రాజధాని కట్టుకున్నదీ ఈయనే. ఇళ్లకూ గుళ్లకూ రాయి కావాల్సి వచ్చి దీపాలదిన్నె అనే మట్టిగుట్టను ఆయన మనుషులు తవ్వితే బొమ్మల పలకలు బయటపడ్డాయి. ఆ సంగతి చెవిన పడి కల్నల్ కాలిన్ మెకంజీ అనే స్కాట్లండు సర్వేయరు 1797లో అక్కడికి వచ్చాడు. అది రెండువేల ఏళ్ల నాటి మహాస్తూపం.

ఆ తర్వాత కథ పురావస్తు శాఖ వాళ్లు గర్వంగా చెప్పుకునేది కాదు. కొన్ని పలకలు సున్నపు బట్టీలకు పోయాయి. కొన్నిటిని రాబర్ట్‌సన్ అనే దొర బందరు తరలించి, తాను కట్టించిన కొత్త బజారులో అలంకారంగా పెట్టించాడు. ఆ పేట ఇప్పటికీ రాబర్ట్‌సన్‌పేటే. 1845లో సర్ వాల్టర్ ఎలియట్ తవ్వించిన శిల్పాలు మద్రాసు చేరి, ఎండకూ వానకూ ఏళ్లతరబడి ఆరుబయట పడి ఉండి, చివరికి 1859లో ఓడెక్కాయి. లండన్‌లోనూ వాటికి చోటు లేదు. 1867లో జేమ్స్ ఫెర్గుసన్ అనే వాస్తు చరిత్రకారుడు ఫైఫ్ హౌస్ అనే భవనం గుర్రపుబండ్ల కొట్టంలో వాటిని కనిపెట్టాడు. 1880లో బ్రిటిష్ మ్యూజియానికి చేరాయి. ఇప్పుడు గాలిలో తేమ తగలకుండా అద్దాల వెనక, జాగ్రత్తగా ఉన్నాయి. గుర్రాల కొట్టం నుంచి అద్దాల గదికి ఎదిగాయన్నమాట.

ఆ శిల్పాలకు అక్కడ చాలాకాలం ఉన్న పేరు 'ఎలియట్ మార్బుల్స్'. గ్రీసు నుంచి లార్డ్ ఎల్గిన్ పట్టుకుపోయిన 'ఎల్గిన్ మార్బుల్స్' పక్కన చెప్పుకోవడానికి బాగుంటుందని పెట్టినట్టుంది. నిజానికి అందులో మార్బుల్ లేదు, అదంతా పలనాటి సున్నపురాయి. నాపరాళ్ల మీద నడిచి పెరిగిన గుంటూరు జిల్లా పిల్లవాడైనా చెబుతాడు. ఎలియట్ పేరు నిలిచింది, చెక్కిన శిల్పుల పేర్లు నిలవలేదు. దానం ఇచ్చిన ఇల్లాళ్లు, వర్తకులు, భిక్షుణుల పేర్లు మాత్రం రాతి మీద బ్రాహ్మీ లిపిలో ఇంకా చదువుకోవచ్చు.

ఇంకో సంగతి. అదే మ్యూజియం నడిమధ్య, అద్దాల కప్పు కింద ఉండే విశాలమైన ఆవరణను 2000లో తీర్చిదిద్దింది నార్మన్ ఫోస్టర్ సంస్థ. మన కొత్త అమరావతిలో శాసనసభ, హైకోర్టు ఆకృతులు గీసింది కూడా ఆ సంస్థే.

కావలి అన్నదమ్ములు

మెకంజీకి తెలుగు రాదు, సంస్కృతం రాదు. అయినా గ్రామగ్రామానా కైఫీయతులు రాయించి, శాసనాలు ఎత్తి రాయించి, దక్షిణాది చరిత్రకు అంత పెద్ద భాండాగారం ఎలా కూర్చాడు? ఏలూరు వాళ్లయిన కావలి బొర్రయ్య, లక్ష్మయ్య, రామస్వామి అనే అన్నదమ్ముల దయ. బొర్రయ్య 1803లో చిన్న వయసులోనే పోయాడు. లక్ష్మయ్య ఆ పని చేతుల్లోకి తీసుకుని, 1821లో మెకంజీ చనిపోయేదాకా నడిపాడు.

మెకంజీ పోయాక, మిగిలిన పని నేను పూర్తి చేస్తానని లక్ష్మయ్య అర్జీ పెట్టుకున్నాడు. అర్జీ కలకత్తా ఏషియాటిక్ సొసైటీకి వెళ్లింది. 1836లో జేమ్స్ ప్రిన్సెప్ ఇచ్చిన జవాబు సారాంశం: ఇతనికే కాదు, ఏ నేటివుకూ ఇంత పని చేసే అర్హత ఉందనలేం. ఈ ప్రిన్సెప్ సామాన్యుడు కాదు. మరుసటి ఏడాదే అశోకుడి బ్రాహ్మీ లిపిని చదివి చరిత్రకెక్కినవాడు. వేల ఏళ్ల నాటి రాత గుట్టు విప్పిన కంటికి ఎదుట నిలబడ్డ ఏలూరు పండితుడి పనితనం ఆనలేదు.

మూడోవాడు రామస్వామి ఇంకో దారి పట్టాడు. దక్కను కవుల మీద ఇంగ్లీషులో పుస్తకం రాసి 1829లో కలకత్తాలో అచ్చు వేయించాడు. అంతకు ముందే, 1825లో, వెంకటాధ్వరి సంస్కృతంలో రాసిన 'విశ్వగుణాదర్శ చంపువు'ను ఇంగ్లీషు చేశాడు. 17వ శతాబ్దపు ఆ కావ్యంలో ఇద్దరు గంధర్వులు విమానమెక్కి దేశం చూస్తూ పోతారు. ఒకడికి ఎక్కడ చూసినా తప్పులే కనిపిస్తాయి, రెండోవాడికి ఒప్పులే. విమానం మద్రాసు మీదికి వచ్చేసరికి తెల్లవాళ్ల మీద వాదన మొదలవుతుంది. మొదటివాడు అంటాడు: వీళ్లకు శుచి లేదు, బ్రాహ్మణులంటే లెక్కలేదు. రెండోవాడు అంటాడు: నిజమే కానీ, ఒకరి సొమ్ము అన్యాయంగా లాక్కోరు, అబద్ధమాడరు, చిత్రమైన వస్తువులు చేస్తారు, విచారించి కానీ శిక్షించరు. ఈస్టిండియా కంపెనీవాళ్లు అప్పటికింకా దుకాణదారులే, దొరలు కాలేదు. వందేళ్లు ఆగి రాసి ఉంటే రెండో గంధర్వుడికి మాట తడబడేదేమో. పైగా ఆ కావ్యాన్ని తెల్లవాళ్ల భాషలోనే పెట్టి తెల్లవాళ్ల చేతికి ఇచ్చినవాడు మన ఏలూరు రామస్వామి!

ఘంటసాల, టాలెమీ

గాయకుడు ఘంటసాల ఇంటిపేరైన ఊరు రెండో శతాబ్దంలోనే అలెగ్జాండ్రియా పండితుడు టాలెమీ భూగోళ గ్రంథంలో 'కంటకొస్సూల' అనే రేవు బజారుగా ఎక్కిందని చరిత్రకారులు పోల్చారు. కృష్ణానది అందులో 'మైసోలోస్'. దివిసీమ పొలిమేరలోని ఆ ఊళ్లో బౌద్ధ స్తూపం ఉంది, రోము నాణేలూ దొరికాయి. శాతవాహనులు రెండు తెరచాప కొయ్యల ఓడబొమ్మతో నాణేలు వేసింది ఊరికే కాదు.

అప్పు వసూలు, పదిహేడో శతాబ్దపు పద్ధతి

1611లో 'గ్లోబ్' అనే ఓడ నిజాంపట్నం మీదుగా బందరు చేరింది. తూర్పు తీరానికి ఇంగ్లీషు కంపెనీ పంపిన మొదటి ఓడ అది. డచ్చివాళ్లు అప్పటికే నాలుగైదేళ్లుగా బందరులో కాపురం ఉన్నారు. గ్లోబ్ మీద వచ్చిన వర్తకుల పెద్ద పీటర్ ఫ్లోరిస్ కూడా పుట్టుకకు డచ్చి బాపతువాడే. కూలి మాత్రం ఇంగ్లీషువాళ్లది.

బందరు సుంకాల అధికారులు ఫ్లోరిస్ దగ్గర సరుకు తీసుకున్నారు, డబ్బు ఇవ్వలేదు. రేపు మాపు అన్నారు. అడిగాడు, బతిమాలాడు, గోల్కొండకు మొరపెట్టుకున్నాడు. చివరికి 1614లో, ఓడ బయల్దేరే వేళ దగ్గరపడ్డాక, సుంకం అధికారి కొడుకును పట్టపగలు పట్టుకుని పడవెక్కించి ఓడ మీదికి చేర్చేశాడు. ఆ కుర్రవాడి పేరు ఫ్లోరిస్ రాతల్లో 'వెంకటాద్ర' అని ఉంటుంది. మన వెంకటాద్రే అనుకోవాలి. రేవులో గగ్గోలు లేచింది.

ఫ్లోరిస్‌కు అప్పుడు తెలిసొచ్చింది అసలు చిక్కు. కుర్రవాడు నిష్ఠ గల బ్రాహ్మణుడు. పరాయి కప్పు కింద అన్నం ముట్టడు, మంచినీళ్లు కూడా ముట్టడు. ఎత్తుకొచ్చినవాడికి ఇప్పుడు కొత్త భయం పట్టుకునే ఉంటుంది. పిల్లవాడు ఓడలో శోషవచ్చి పోతే బాకీ సంగతి దేవుడెరుగు, ఇక బందరులో కాలు పెట్టగలరా? అటు తండ్రికీ అదే భయం. కుర్రవాడి కడుపు మాడుతుంటే రెండు పక్షాలకూ తొందర పుట్టింది. బాకీ తీరింది, వెంకటాద్రి ఒడ్డు చేరాడు. ఫ్లోరిస్ ఇదంతా తన దినచర్యలో తానే రాసుకున్నాడు. మడి ఆచారం అప్పుల వసూలును త్వరపెట్టిన సందర్భం చరిత్రలో ఇదొక్కటేనేమో.

ఊళ్లో మిగిలిన విదేశాలు

రాబర్ట్‌సన్‌పేట ఒక్కటే కాదు, బందరులో ఇంగ్లీషుపాలెం ఉంది, డచ్చివాళ్ల వలందపాలెం ఉంది, ఫ్రెంచివాళ్ల ఫరాసుపేట ఉంది. డచ్చివాళ్లు ఎప్పుడో పోయారు. ఫ్రెంచివాళ్ల చిన్న జాగా మాత్రం ఇంగ్లీషు రాజ్యం మధ్యలో అలాగే ఉండిపోయింది. 1947 ఆగస్టు 15న దేశానికి స్వాతంత్ర్యం వచ్చిన నాడు కూడా ఆ ముక్క ఫ్రాన్సుదే. అక్టోబరు 6న మనకు అప్పగించారు. పాండిచ్చేరి, యానాం కథలు అందరికీ తెలుసు, బందరు కథ బందరువాళ్లకే సరిగా తెలియదు.

ఎర్రరంగు గొడవ

బందరు, పెడన కలంకారీ ఒకప్పుడు ఐరోపాలో చట్టాలు చేయించింది. అతిశయోక్తి కాదు. గుడ్డ ఎంత ఉతికినా రంగు పోకపోవడం వాళ్లకు వింత. వాళ్లకు తెలిసిన అద్దకం నీళ్లు తగిలితే కారిపోయేది. మన ఎరుపు చిరివేరు నుంచి వచ్చేది. ఇసుక నేలల్లో మొలిచే ఆ చిన్న మొక్క వేరు నిజాంపట్నం చుట్టుపక్కల శ్రేష్ఠంగా దొరికేది. వేరు ఒక్కటే చాలదు. గుడ్డను కరక్కాయ కలిపిన గేదెపాలలో ముంచి ఎండబెట్టాలి, పటిక నీళ్లతో అచ్చు వేయాలి, పారే నీళ్లలో జాడించాలి, ఆపైన చిరివేరుతో ఉడకబెట్టాలి. పటిక పట్టిన చోటే ఎరుపు అంటుకుంటుంది, మిగతాది తెల్లబడుతుంది. నలుపుకు ఇనపముక్కలు, బెల్లం కలిపి పులియబెట్టిన నీళ్లు. పాలు, బెల్లం, కరక్కాయ, పటిక! సామాన్లు చూస్తే ఆయుర్వేదం కొట్టు అనుకోవాలి.

ఫ్రాన్సు 1686లో ఈ అద్దకపు గుడ్డల్ని నిషేధించింది. 1759 దాకా నిషేధం ఎత్తలేదు. ఇంగ్లండు 1721లో కట్టుకోవడమే నేరమంది. అంతకు రెండేళ్ల ముందు లండన్ నేతగాళ్లు వీధుల్లో పడి, అద్దకం గౌను కనిపిస్తే చాలు ఆడవాళ్ల మీద సిరా, యాసిడ్ చల్లారు, గుడ్డలు చింపారు. పొట్ట కొట్టారన్న కోపం. చట్టం ఎంత చేసినా మోజు తగ్గలేదు. ఫ్రాన్సు రాజు ప్రియురాలు మదామ్ పొంపదూర్ తన మేడలోనే ఈ గుడ్డలు వేలాడదీయించింది.

మరి ఆ గుట్టు ఎలా దాటిపోయింది? 1742లో కేర్దూ అనే జెస్యూట్ పాదిరీ, మతం మారిన అద్దకం పనివాళ్లను అడిగి తెలుసుకుని, వరుస తప్పకుండా ఉత్తరంలో ఫ్రాన్సుకు రాశాడు. ఉత్తరం అచ్చయింది. దాన్ని చదివిన మిల్లులవాళ్లు ఎవరి దారిన వాళ్లు ప్రయోగాలు మొదలెట్టారు. నాకు ఈ కేర్దూ మీద కోపం రావాలి కానీ పూర్తిగా రాదు. ఆయన తెలుగుదేశంలో ఏళ్లు గడిపి తెలుగు-ఫ్రెంచి-సంస్కృత నిఘంటువు కూర్చాడు. సంస్కృతానికీ లాటిన్, గ్రీకులకూ చుట్టరికం ఉందని 1767లోనే పారిస్‌కు రాశాడు. అక్కడి పండితులు దాన్ని పక్కన పడేశారు. 1786లో సర్ విలియం జోన్స్ అదే మాట కలకత్తాలో అంటే లోకమంతా చప్పట్లు కొట్టింది. అద్దకం సంగతి వెంటనే అందుకున్నవాళ్లు భాష సంగతి అందుకోలేకపోయారు. ఒకదాంట్లో డబ్బుంది మరి.

పరిటాల రాయి

విజయవాడ నుంచి హైదరాబాదు వెళ్లేటప్పుడు పరిటాల దగ్గర 135 అడుగుల ఆంజనేయస్వామికి బస్సులోంచే దణ్ణం పెట్టుకుంటాం. ఆ ఊరి వజ్రాల గనిలో దొరికిందని చెప్పే 410 క్యారట్ల రాయిని మద్రాసు గవర్నరు థామస్ పిట్ 48,000 వరహాలకు కొన్నాడు. కోయించి, మెరుగు పట్టించి, 1717లో ఫ్రాన్సు రాజప్రతినిధికి 1,35,000 పౌండ్లకు అమ్మాడు. పేరు 'పిట్ వజ్రం' అయింది, తర్వాత 'రీజెంట్'. నెపోలియన్ తన కత్తి పిడిలో పొదిగించుకున్నాడు. ఆ సొమ్ముతో పిట్ వంశం దశ తిరిగింది. ఆయన మనవడూ మునిమనవడూ ఇద్దరూ ఇంగ్లండుకు ప్రధానమంత్రులయ్యారు. మునిమనవడైన చిన్న పిట్ 1784లో తెచ్చిన ఇండియా చట్టంతోనే కంపెనీ పాలన మీద లండన్ పెత్తనం బిగిసింది. మన రాయి చుట్టు తిరిగి మన మీదికే వచ్చింది.

2025 అక్టోబరులో పారిస్ లూవ్ర్ మ్యూజియంలో దొంగలు పట్టపగలు నిచ్చెన వేసుకుని రాచనగలు ఎత్తుకుపోయారు. రీజెంట్ జోలికి మాత్రం పోలేదు.

సర్కారు జిల్లాల్ని కంపెనీకి ధారపోసినా పరిటాల, దాని చుట్టూ ఉన్న కొన్ని వజ్రాల పల్లెల్ని నిజాం వదులుకోలేదు. చుట్టూ ఇంగ్లీషు రాజ్యం, నడుమ నిజాం ద్వీపం. 1947లో అక్కడి జనం నిజాంను కాదని సొంత రిపబ్లిక్ ప్రకటించుకున్నారు.

కారం

గుంటూరు మిరప అమెరికా ఖండానిది, పోర్చుగీసు ఓడల్లో వచ్చింది. మంగళగిరి కొండమీది పానకాల స్వామి సేవించే పానకంలో మాత్రం బెల్లం, మిరియం, ఏలకి, అంతా స్వదేశీ. ఆవకాయకు లేని భాగ్యం.

ఇసుక మీద పునాది

1832-33లో గుంటూరు సీమను నందన కరువు తుడిచిపెట్టింది. ఐదు లక్షల జనంలో లక్షన్నర పైగా పోయారని అప్పటి అంచనా. కృష్ణ మీద ఆనకట్ట ఆలోచనకు ఊపు అక్కడి నుంచే. సర్ ఆర్థర్ కాటన్ ప్రతిపాదించగా, కెప్టెన్ ఓర్ ఆధ్వర్యంలో 1855కల్లా బెజవాడ దగ్గర పూర్తయింది. కాటన్‌ను మనం దేవుణ్ణి చేశాం, ఓర్ పేరు బెజవాడలో ఎవరికీ గుర్తులేదు. లోతు అందని ఇసుకలో పునాది నిలబెట్టడం ఎలాగో కావేరి మీద చోళుల కల్లణై చూసే నేర్చుకున్నామని కాటన్ దాపరికం లేకుండా రాశాడు. పైన చెప్పిన దొరల్లో అరువు తెచ్చుకున్నది అరువేనని ఒప్పుకున్నవాడు ఆయనొక్కడే కనిపిస్తాడు.

గుంటూరు పాదిరీలు

1842లో గుంటూరు వచ్చిన అమెరికన్ లూథరన్ ఫాదర్ హయ్యర్, నడివయసు దాటాక బాల్టిమోరులో వైద్యం చదువుకుని మళ్లీ వచ్చాడు. రాజమండ్రి మిషను వేరేవాళ్ల చేతికి పోతుందని తెలిసి డెబ్బై దాటిన వయసులో ఇంకోసారి ఓడెక్కాడు. 1883లో వచ్చిన డాక్టర్ అన్నా కుగ్లర్ 1898లో ఆడవాళ్ల కోసం ఆసుపత్రి తెరిచింది. గుంటూరులో నేటికీ దాన్ని కుగ్లర్ ఆసుపత్రి అనే అంటారు. ఇప్పుడు దారి మారింది. మంగళగిరి పక్కన చినకాకానిలో అమెరికా వెళ్లిన తెలుగువాళ్లే ముందుకొచ్చి మెడికల్ కాలేజీ పెట్టారు, పేరే ఎన్నారై.

చీరాల రామదండు నాయకుడు, హార్వర్డ్ పుస్తకం

ఆంధ్రరత్న దుగ్గిరాల గోపాలకృష్ణయ్య అనగానే 1921 చీరాల-పేరాల గుర్తొస్తుంది. పన్ను కట్టం పొమ్మని ఊరు ఊరే ఖాళీ చేయించిన మనిషి. ఆయన ఎడింబరోలో ఎం.ఏ. చదివాడు. కళా విమర్శకుడు ఆనంద కుమారస్వామితో కలిసి నందికేశ్వరుడి 'అభినయ దర్పణం'ను ఇంగ్లీషులోకి అనువదించాడు. 1917లో దాన్ని హార్వర్డ్ విశ్వవిద్యాలయం ప్రచురించింది. మీ దేశంలో నటనకు శాస్త్రగ్రంథాలు ఉంటే చెప్పమని ఇంగ్లండు రంగస్థల ప్రయోక్త గోర్డన్ క్రెయిగ్ అడిగిన సంగతితో ఆ పుస్తకం ముందుమాట మొదలవుతుంది. జవాబిచ్చిన ఇద్దరిలో ఒకడు పెనుగంచిప్రోలు వాడు!

మగ్గం గుంటలో లాంకషైర్

మంగళగిరి నేతకు జీఐ గుర్తింపు ఉంది. నిజాం అంచు, ముదురు రంగు, బుటా లేని ఒళ్లు, చూడగానే పోలుస్తాం. మగ్గం దగ్గర నిలబడి చూస్తే ఇంకొకటి కనిపిస్తుంది. నేతగాడు గుంటలో కాళ్లు పెట్టి కూర్చుని తాడు లాగుతుంటే నాడె తనంతట తాను పడుగు మధ్య అటూ ఇటూ దూసుకుపోతుంది. పూర్వం ఒక చేత్తో విసిరి రెండో చేత్తో అందుకునేవారు. ఈ తాడు ఏర్పాటు 1733లో లాంకషైర్ వాడైన జాన్ కే కనిపెట్టింది. దానివల్ల నేత వేగం పెరిగి, నూలు చాలక, వడికే యంత్రాలు పుట్టి, ఆ యంత్రాల గుడ్డ మన మగ్గాల నోట మట్టి కొట్టింది. కే కూడా బాగుపడలేదు. వాడుకున్న మిల్లులవాళ్లు డబ్బివ్వక, కోర్టు ఖర్చులకు చితికి ఫ్రాన్సు పోయి అక్కడే కన్నుమూశాడు. మన మగ్గాలకు అతని తాడు చేరింది 20వ శతాబ్దం మొదట్లో. ముందు దెబ్బ వచ్చింది, పనిముట్టు తర్వాత వచ్చింది.

పక్కనే చీరాలలో నేసిన గళ్ల గుడ్డలు 'రియల్ మద్రాస్ హ్యాండ్‌కర్చీఫ్' పేరిట నైజీరియా వెళ్లేవి. మద్రాసులో నేసినవి కావు, పేరు మాత్రం ఆ రేవుదే. నైజర్ నది డెల్టాలోని కలబారి ఆడవాళ్లు ఆ గుడ్డను వచ్చినట్టు కట్టుకోరు. గళ్లలో కొన్ని దారాలు ఎంచి బ్లేడుతో తెంపి, ఒక్కొక్కటీ లాగేస్తారు. కొత్త నమూనా తేలుతుంది, గుడ్డ దోమతెరలా పల్చబడుతుంది. అప్పుడది 'పెలెతె బితె' అవుతుంది. ఇంట్లో పెద్దలు పోయినప్పుడు మంచం చుట్టూ కట్టడానికి తరాల తరబడి పెట్టెల్లో దాచుకుంటారు. చీరాల నేత అని వాళ్లనరు, మద్రాసు అనీ అనరు. మా గుడ్డ అంటారు.